ఉత్తర్వు చేతబట్టినవాని పక్షమున

కె.జి. కన్నబిరాన్ గారి స్మృతికి భిలాయి ఉక్కునగరమున చేసిన ఉపన్యాసము



1955 ఫిబ్రవరి 2వ తేదీన ఈ ఉక్కు కర్మాగారమునకై సోవియట్ దేశముతో ఒడంబడిక కుదిరి, 1959 ఫిబ్రవరి 4న బాబూ రాజేంద్రప్రసాదు గారు ఇచ్చటి తొలి బ్లాస్టు ఫర్నేసును ప్రారంభించిన కాలము నుండియు, శ్రీకాకుళము, విజయనగరము, విశాఖపట్నము ప్రాంతముల నుండి రైళ్లెక్కి వచ్చి, సెక్టారులలో క్వార్టర్లు పొందినవారు కొందరు, పొందక కాంట్రాక్టరుల కింద పనిచేసి ఖుర్సీపారువంటి బస్తీలలో కాపురములు పెట్టినవారు కొందరు, ఈ నేలను తమదిగా చేసికొనిరి. వారి సంతతియే నేడు ఈ సభను నింపియున్నది. ఇట్టి సభలో న్యాయస్థానములను గూర్చి మాటలాడుట అనవసర ప్రసంగము కాదని నేను దృఢముగా నమ్ముచున్నాను. ఏలయన ఉద్యోగము, పింఛను, ఇల్లు, ఇంటిస్థలము, వీనిలో ఏదో యొకదానికై కోర్టు మెట్లెక్కని కుటుంబము ఈ పట్టణమున అరుదు.

కన్నబిరాన్ గారిని ఈ పట్టణము స్మరించుట ఉచితము. 1929లో తమిళ కుటుంబమున పుట్టియు, తెలుగుదేశమునే తన కార్యక్షేత్రముగా చేసికొని, ఆంధ్రప్రదేశ్ పౌరహక్కుల సంఘమునకు చిరకాలము అధ్యక్షత వహించి, 1977లో ఎదురుకాల్పుల పేరిట జరిగిన మరణములను విచారించిన తార్కుండే సంఘమున సభ్యులై, నక్సలైటులపై పెట్టిన పార్వతీపురము కుట్రకేసు మొదలుకొని ఎన్నో కేసులలో, ఫీజు ఇచ్చుకొనలేని వారి పక్షమున నిలిచిన న్యాయవాది వారు. 1991 సెప్టెంబరు 28న, ఈ భిలాయిలోనే, తన ఇంట నిద్రించుచున్న కార్మికనాయకులు శంకర్ గుహా నియోగి గారిని కిటికీ గుండ కాల్చి చంపిన కేసు దుర్గు సెషన్సు కోర్టున విచారణకు వచ్చినపుడు, ప్రాసిక్యూషను పక్షమున వాదించుటకై హైదరాబాదు నుండి ఇచ్చటికి వచ్చినవారును వారే. 1997లో దుర్గు కోర్టు శిక్షలు విధించుటయు, 1998లో హైకోర్టు అందరిని విడుదల చేయుటయు, 2005 జనవరిలో సుప్రీంకోర్టు కాల్చినవానికి మాత్రము యావజ్జీవ శిక్ష నిలుపుటయు మీలో పెద్దలెరుగుదురు. 2010 డిసెంబరు 30న కన్నబిరాన్ గారు కన్నుమూసిరి.

అధికారము చట్టమునకు లోబడవలెనని యావజ్జీవము పోరాడిన ఆ మహాశయుని స్మృతికి నేను సమర్పింపగోరునది ఒక్క వాదము. కోర్టు ఉత్తర్వును ఉల్లంఘించినపుడు జరిగెడి అవమానము న్యాయమూర్తికి కాదు; ఆ ఉత్తర్వును చేతబట్టుకొని ఆఫీసు గుమ్మము ముందు నిలిచిన మనుష్యునికి. కావున ధిక్కార విచారణ యొక్క సాఫల్యమును ధిక్కరించినవాడు ఎంత వినయముగా క్షమాపణ చెప్పెనను దానితో కాక, ఉత్తర్వు పొందినవానికి ఉత్తర్వులోనిది చేరినదా లేదా యను దానితోనే కొలవవలెను. ఇది అందరు ఒప్పుకొను మాటగా తోచవచ్చును గాని, మన చట్టమును, మన కోర్టుల ఆచారమును పరిశీలించినచో, ఇది ఇంకను స్థిరపడని విషయమని తెలియగలదు.

1

ముందుగా చట్టమేమి చెప్పుచున్నదో క్లుప్తముగా చెప్పెదను. వకీళ్లైన మిత్రులు మన్నింపుడు.

మన రాజ్యాంగమున 129వ అధికరణము సుప్రీంకోర్టునకును, 215వ అధికరణము ప్రతి హైకోర్టునకును తమ ధిక్కారమును శిక్షించు అధికారము నొసగినవి. ఆ అధికారము నడువవలసిన త్రోవను 1971 నాటి కోర్టు ధిక్కార చట్టము నిర్దేశించినది. ఆ చట్టము ధిక్కారమును రెండుగా విభజించినది. కోర్టు తీర్పును, డిక్రీని, ఆదేశమును బుద్ధిపూర్వకముగా ఉల్లంఘించుట గాని, కోర్టుకు ఇచ్చిన హామీని బుద్ధిపూర్వకముగా తప్పుట గాని సివిలు ధిక్కారము. కోర్టు ప్రతిష్ఠకు భంగము కలిగించు ప్రచురణలు, న్యాయవిచారణకు అడ్డు తగులు చేష్టలు క్రిమినలు ధిక్కారము. క్రింది కోర్టులకు జరిగిన ధిక్కారమును శిక్షించు అధికారము కూడ హైకోర్టుకే కలదు. అందుచేత 2000 నవంబరు 1 వరకు మన ప్రాంతమువారు జబల్పూరు పోవలసివచ్చెను. ఆ దినమున ఛత్తీస్‌గఢ్ రాష్ట్రముతోపాటు బిలాసపురమున హైకోర్టు ఏర్పడినందున, ఇప్పుడు తెల్లవారి బండిలో పోయి రాత్రికి ఇల్లు చేరుటకు వీలైనది. పేదవానికి న్యాయస్థానము దగ్గరగుట సామాన్య లాభము కాదు.

శిక్ష యెంత? ఆరు మాసములకు మించని సాధారణ కారాగారము, లేక రెండువేల రూపాయలకు మించని జరిమానా, లేక రెండును. సివిలు ధిక్కారమునకు సామాన్యముగా జరిమానాయే చాలునని, అది చాలదని కోర్టు తలచినప్పుడే సివిలు జైలుకు పంపవలెనని చట్టమే చెప్పుచున్నది. ఈ రెండువేల రూపాయల అంకెను మీరు జ్ఞాపకముంచుకొనుడు. ఇది 1971లో పుట్టినది కాదు. బ్రిటిషువారి కాలమున, 1926లో చేసిన తొలి ధిక్కార చట్టముననే ఇదియే అంకె, ఇదియే ఆరు మాసములు. 1926లో రెండువేల రూపాయలనగా చిన్న ఉద్యోగికి కొన్ని సంవత్సరముల జీతము. నేడది పెద్ద అధికారికి ఒక్కదినపు జీతమునకు కూడ సరిపోదు. అంకెను మార్చకుండుటచే శిక్ష దానియంతటదియే క్షీణించినది.

2

ధిక్కారమనగానే మన వార్తాపత్రికలు పెద్ద అక్షరములతో ప్రచురించునది మాటల వలన కలిగిన ధిక్కారమును. తెలుగువారి చరిత్రలో కూడ ఇట్టివి కొన్ని కలవు. నెల్లూరు నుండి వెలువడుచుండిన 'ప్రజారాజ్యం' అను వారపత్రిక 1949 ఫిబ్రవరిలో ఒక సబ్‌మేజిస్ట్రేటు లంచములు గైకొనునని వ్రాయగా, మద్రాసు హైకోర్టు ఆ సంపాదకుడైన బత్తిన రామకృష్ణారెడ్డి గారికి మూడు మాసముల కారాగారము విధించెను. 1952లో సుప్రీంకోర్టు దానిని ఖాయపరచెను. ఇ.ఎం.ఎస్. నంబూద్రిపాదు గారు ముఖ్యమంత్రిగా నుండి న్యాయస్థానములు ధనికవర్గ పక్షపాతము వహించుచున్నవని పలికినందుకు 1970లో ధిక్కారము రుజువైనదని తీర్పు వచ్చినను, జరిమానా మాత్రము యాబది రూపాయలకు తగ్గెను. 1987 నవంబరులో హైదరాబాదు బార్ కౌన్సిలు సభయందు, కేంద్రమంత్రిగా నుండిన పి. శివశంకర్ గారు సుప్రీంకోర్టు వర్గస్వభావమును గూర్చి ఇంచుమించు అట్టి విమర్శయే చేయగా, 1988లో సుప్రీంకోర్టు అది ధిక్కారము కాదని కేసును కొట్టివేసెను. యాబది రూపాయల జరిమానా నుండి కేసును కొట్టివేయుట వరకు కోర్టు నడచివచ్చిన ఈ మార్గమును నేను హృదయపూర్వకముగా అభినందించుచున్నాను. 2006లో చట్టమును సవరించి, ప్రజాప్రయోజనమునకై సదుద్దేశముతో చెప్పిన సత్యమును రక్షణగా స్వీకరింపవచ్చునని చేర్చుటయు మంచి పని. నెల్లూరి సంపాదకునికి అట్టి రక్షణ ఆనాడు చట్టమున వ్రాయబడి యుండలేదు.

మాటల ధిక్కారమును గూర్చి ఇంతకంటె చెప్పను. న్యాయస్థానమునకు విమర్శ వలన కలుగు హాని స్వల్పము. విమర్శకు తీర్పే సమాధానము. కాని తన తీర్పును ఒక తహశీల్దారో, ఒక సెక్రటరీయో, ఒక మేనేజరో చదివి, ప్రక్కన పెట్టి, తన పని తాను చేసికొనిపోయినచో, ఆ హానికి సమాధానము చెప్పగల తీర్పు మరియొకటి లేదు.

3

ఉత్తర్వును పాటింపనివారు ఏమందురు? ఈ సభలోని అనేకులు ఆ సమాధానములను స్వయముగా వినియున్నారు. "ఆర్డరు తప్పు." "అప్పీలు వేసినాము." "పైనుండి సలహా రావలెను." "ఆర్డరు కాపీ మాకు చేరలేదు."

ఆర్డరు తప్పను మొదటి సమాధానమునకు సుప్రీంకోర్టు 1960లోనే, బీహారు రాష్ట్రమునకును రాణీ సోనాబతీ కుమారికిని నడచిన కేసులో, స్పష్టముగా జవాబు చెప్పెను. ఎస్టేటు విషయమున కోర్టు తాత్కాలిక నిషేధాజ్ఞ ఇచ్చియుండగా, ప్రభుత్వము తన భూసంస్కరణల చట్టము ననుసరించి నోటిఫికేషను ఇచ్చి ఎస్టేటును వశపరచుకొనబోయెను. ఆ ఆజ్ఞ తప్పైనచో దానిని రద్దు చేయించుకొనుటకు త్రోవలున్నవి. రద్దగు వరకు ప్రభుత్వము సైతము సామాన్య కక్షిదారు వలె దానికి లోబడవలసినదేయని సర్వోన్నత న్యాయస్థానము పలికెను. జమీందారీల రద్దు నాకు సమ్మతమైన కార్యము. ఆ రాణిగారి ఎస్టేటుపై నాకు మమకారము లేదు. ఐనను ఆ తీర్పు సరియైనదే. ఆనాడు రాణీగారి విషయమున ఆ సూత్రము నిలిచినందుననే, తరువాతి కాలమున గుడిసె యజమాని కూడ దానిని చేతబట్టుకొని ప్రభుత్వమును నిలదీయగలిగెను.

అప్పీలు వేసితిమనుట రెండవది. సివిలు ప్రొసీజరు కోడులో 41వ ఆర్డరు, 5వ రూలు, అప్పీలు దాఖలు చేసినంత మాత్రమున డిక్రీ అమలు ఆగదని చెప్పుచున్నది. స్టే వచ్చినప్పుడే ఆగును. ఈ ఒక్క వాక్యమును ఎరుగక, "వాళ్లు పైకోర్టుకు పోయినారు, ఇక మన పని ఐపోయినది" యని ఎంతమంది కార్మికులు నిరాశ చెంది తమ కాగితములను ట్రంకుపెట్టెలో దాచుకొనిరో తలచినచో దుఃఖము కలుగును. 1947 నాటి పారిశ్రామిక వివాదముల చట్టము ఈ విషయమున కార్మికునికి కొంత అండగా నిలిచినది. లేబరు కోర్టు అవార్డు ప్రచురింపబడిన ముప్పది దినములకు అమలునకు వచ్చుననియు, తిరిగి ఉద్యోగమిమ్మన్న అవార్డుపై యజమాని హైకోర్టునకు గాని సుప్రీంకోర్టునకు గాని పోయినచో, వేరొకచోట పనిలేక యున్న కార్మికునికి ఆ కేసు తేలువరకు చివరి జీతమును చెల్లించుచుండవలెననియు, అవార్డును ఉల్లంఘించినచో జైలు శిక్ష కలదనియు అందులో వ్రాసియుండెను. 2010 సవరణతో అవార్డును సివిలు కోర్టు డిక్రీ వలె అమలు జరిపించుకొను మార్గము కూడ ఏర్పడినది. 2025 నవంబరు 21 నుండి ఆ చట్టము స్థానమున పారిశ్రామిక సంబంధముల స్మృతి వచ్చినది. స్మృతులు మారినను ప్రశ్న మారదు: అవార్డు గెలిచిన కార్మికుడు, అవార్డులోని ధనమును చేతబట్టుకొను దినము వరకు, ఏమి తిని బ్రతుకవలెను?

మూడవ, నాల్గవ సమాధానములను గూర్చి క్లుప్తముగా చెప్పెదను. పైనుండి సలహా రావలెనను మాటకు చట్టమున స్థానము లేదు. 144వ అధికరణము దేశమునందలి సమస్త అధికారులును సుప్రీంకోర్టునకు తోడ్పడవలెనని ఆజ్ఞాపించుచున్నది. కాపీ చేరకపోయినను, ఉత్తర్వు వచ్చినదని తెలిసిన క్షణము నుండి దానికి లోబడవలెనని 1967 నుండియు సుప్రీంకోర్టు చెప్పుచున్నది.

4

ఇప్పుడు మన తెలుగుదేశము నుండి రెండు ఉదాహరణములు.

గుంటూరు సమీపమున కొందరు పేదలు గుడిసెలు వేసికొనియుండగా, వారిని ఖాళీ చేయించుటకు అధికారులు పూనుకొనిరి. వారు హైకోర్టునకు పోగా, 2013 డిసెంబరులో కోర్టు వారిని కదల్పవద్దని ఉత్తర్వు చేసెను. ఉత్తర్వును లెక్కచేయక, ఆ తరువాతి మాసముననే, నాటి తహశీల్దారు పోలీసు బలగముతో వచ్చి గుడిసెలను తొలగించెను. హైకోర్టు ఆయనకు రెండు మాసముల కారాగారమును, రెండువేల రూపాయల జరిమానాను విధించెను. డివిజను బెంచి దానిని నిలిపెను. ఈ లోపల ఆయన డిప్యూటీ కలెక్టరు పదవికి ఎదిగెను. చివరకు 2025 మే 9న సుప్రీంకోర్టు, ఆయన కుటుంబమును తలంచి జైలు శిక్షను తొలగించి, దానికి మారుగా ఆయనను తిరిగి తహశీల్దారు పదవికి దింపి, లక్ష రూపాయల జరిమానా విధించెను.

ఈ తీర్పును దేశమంతయు మెచ్చుకొన్నది. నేనును మెచ్చుకొనుచున్నాను. చట్టములోని రెండువేల రూపాయల సరిహద్దు నెంత చిన్నదిగా భావించెనో కోర్టు తన లక్ష రూపాయలతోనే తెలిపెను. ఐనను, సోదరులారా, ఈ కథలోని తేదీలను మరియొకసారి చూడుడు. గుడిసెలు కూలినది 2014 జనవరిలో. శిక్ష స్థిరపడినది 2025 మేలో. ఈ పదకొండేండ్లలో విచారణ అంతయు ఉల్లంఘించిన అధికారికిని కోర్టుకును నడుమ సాగెను. ఉత్తర్వు పొందినవారు కేసు శీర్షికలో ప్రతివాదులుగా మిగిలిరి. అధికారి భవిష్యత్తును, పిల్లలను, పదవిని గూర్చి కోర్టు జాలితో తర్కించెను. జాలి తప్పని నేననను. కాని పడగొట్టిన గుడిసెను తిరిగి నిలువబెట్టించుటయే ధిక్కారమునకు మొదటి ప్రాయశ్చిత్తమని, అది జరిగిన పిమ్మటనే శిక్ష తగ్గింపును గూర్చి వినెదమని చెప్పెడి నియమము మన చట్టమున లేదు. ఉండవలెనని నా వాదము.

రెండవ ఉదాహరణము ఆంధ్రప్రదేశ్ పాఠశాలలది. గ్రామ సచివాలయములను, రైతు భరోసా కేంద్రములను సర్కారు బడుల ఆవరణలలో పెట్టరాదని హైకోర్టు 2020లో ఆదేశించెను. ఆదేశము అమలుకాలేదు. 2022 మార్చి 31న జస్టిస్ బట్టు దేవానంద్ గారు ఎనిమిదిమంది ఐ.ఏ.ఎస్. అధికారులకు రెండు వారముల జైలు విధించి, వారు క్షమాపణ వేడుకొనగా, ఆ శిక్షను సమాజసేవగా మార్చి, ఏడాదిపాటు నెలకొక్క దినము సాంఘిక సంక్షేమ హాస్టళ్లకు పోయి పిల్లలతో గడపవలెనని ఆజ్ఞాపించెను. దానిపై అప్పీళ్లు నడచెను. ఎనిమిదిమంది ఉన్నతాధికారులకు ఒక్కమారు శిక్ష పడుట అరుదు. పత్రికలు దానినే వ్రాసినవి. నన్ను ఆకర్షించినది వేరొకటి. ఆ న్యాయమూర్తి శిక్షను ఉత్తర్వు వలన మేలు పొందవలసిన వారి వైపునకు త్రిప్పిరి. బడి పిల్లల ఆవరణము ఆక్రమింపబడినది. కావున అధికారి పోవలసినది పిల్లల యొద్దకు. నేను కోరుచున్న దృష్టికి ఇది తొలి అడుగు.

క్షమాపణను గూర్చి ఒక మాట. ధిక్కార చట్టము 12వ సెక్షను ప్రకారము, కోర్టునకు తృప్తి కలుగునట్లు క్షమాపణ చెప్పినచో శిక్షను రద్దు చేయవచ్చును. సదుద్దేశముతో చెప్పినదైనచో, షరతులు కలిగియున్నదను కారణమున దానిని త్రోసివేయరాదని కూడ అందులోనే కలదు. ఈ నిబంధన మాటల ధిక్కారమునకు ఎంతయో తగినది. ఒకడు పలికిన మాటను మరియొక మాట చేత ఉపసంహరింపవచ్చును. చేయవలసిన పనిని చేయకుండుటను మాట చేత ఎట్లు ఉపసంహరింతురు? ఇరువది సంవత్సరముల సర్వీసు గల వితంతువునకు పింఛను మంజూరు చేయుమని కోర్టు చెప్పినది, మంజూరు చేయలేదు, నోటీసు వచ్చినది, అధికారి చేతులు జోడించెను, కేసు మూసిరి. ఆమె చేతికి వచ్చినది మరియొక ఉత్తర్వు కాపీ. ఇట్టివానిని నేను పెక్కు చూచియున్నాను.

ధిక్కారపు కేసులలో పై అధికారులను ప్రతి వాయిదాకు కోర్టునకు రప్పించు ఆచారమును 2024 జనవరి 3న సుప్రీంకోర్టు అదుపు చేసి, వారి హాజరు ఎప్పుడు కోరవచ్చునో ఒక పద్ధతిని నిర్ణయించినపుడు, అధికారులకు అలుసిచ్చిరని కొందరు విమర్శించిరి. నేనట్లు తలచను. సెక్రటరీ గారు బోనెక్కుట చూచి మనకు కలుగు సంతోషము ఉత్తర్వు అమలుకు ప్రత్యామ్నాయము కాదు. ఆయన బోనెక్కిన దినము పని కూడ ఆగును.

5

ఇప్పుడు ఈ రాష్ట్రమున జరిగిన గొప్ప ధిక్కార వివాదమునకు వచ్చుచున్నాను. దీనిని నెమ్మదిగా చెప్పనిండు. ఇందులో తెలుగువారి పాలును పెద్దది, నేను చెప్పదలచిన కష్టమంతయు ఇందులోనే ఉన్నది.

2005లో దక్షిణ బస్తరున, మావోయిస్టులకు వ్యతిరేకముగా, ప్రభుత్వపు అండతో సల్వాజుడుం మొదలైనది. గ్రామములు ఖాళీయైనవి. శిబిరములకు పోయినవారు పోగా, వేలకొలది ఆదివాసులు గోదావరి వైపు నడచి, నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశపు ఖమ్మము, వరంగల్లు అడవులలో తలదాచుకొనిరి. వారినే అచ్చటివారు గుత్తికోయలని పిలుతురు. 2007లో ఆచార్య నందినీ సుందర్, చరిత్రకారుడు రామచంద్ర గుహ, విశాఖపట్నమునకు చెందిన విశ్రాంత ఐ.ఏ.ఎస్. అధికారి ఇ.ఏ.ఎస్. శర్మ గార్లు సుప్రీంకోర్టున రిట్టు వేసిరి. 2011 జూలై 5న జస్టిస్ బి. సుదర్శన్‌రెడ్డి, జస్టిస్ సురీందర్‌సింగ్ నిజ్జర్ గార్లు తీర్పు చెప్పిరి. రంగారెడ్డి జిల్లా పల్లెలో రైతుకుటుంబమున పుట్టిన సుదర్శన్‌రెడ్డి గారు, పదవీ విరమణకు కొద్ది దినముల ముందు వ్రాసిన తీర్పది. మావోయిస్టులను ఎదుర్కొను పనిలో స్పెషలు పోలీసు ఆఫీసర్లను వినియోగించుటను రాష్ట్రప్రభుత్వము తత్‌క్షణమే మానవలెను. వారికిచ్చిన తుపాకులను వెనుకకు తీసికొనవలెను. కేంద్రము అందులకు ధనమీయరాదు. అంతకుముందు మార్చిలో మోర్‌పల్లి, తాడ్‌మెట్ల, తిమ్మాపురము గ్రామములలో జరిగిన దహనకాండను సి.బి.ఐ. విచారింపవలెను. చదువు సరిగా లేని ఆదివాసి యువకులకు నెలకు మూడువేల రూపాయల గౌరవ వేతనమిచ్చి, తుపాకి చేతికిచ్చి, తమవారి మీదనే నిలుపుట రాజ్యాంగ విరుద్ధమని ఆ తీర్పు సారము. కన్నబిరాన్ గారు మరి ఆరు మాసములకు పైగా బ్రతికియున్నచో దానిని చూచియుందురు.

ఆ తీర్పు వచ్చిన కొలది మాసములలోనే రాష్ట్ర శాసనసభ సహాయక సాయుధ పోలీసు దళముల చట్టమును చేసెను. స్పెషలు పోలీసు ఆఫీసర్లుగా నుండినవారు క్రొత్తపేరుతో దళమున చేరుటకు అది త్రోవ తీసెను. ఇది తీర్పును త్రోసిరాజనుటయేనని, 2012లో సుప్రీంకోర్టున ధిక్కార పిటిషను దాఖలైనది. అది తేలినది 2025 మే 15న. జస్టిస్ బి.వి. నాగరత్న, జస్టిస్ సతీశ్‌చంద్ర శర్మ గార్లు, శాసనసభ చట్టము చేయుట కోర్టు ధిక్కారము కానేరదనియు, ఆ చట్టము రాజ్యాంగ విరుద్ధమని తలచువారు దానినే వేరుగా సవాలు చేయవలెననియు చెప్పి, పిటిషనును ముగించిరి. హింసచే బాధితులైన ప్రజలకు శాంతిని, పునరావాసమును కల్పించుట రాష్ట్ర, కేంద్ర ప్రభుత్వముల కర్తవ్యమని కూడ చెప్పిరి.

రాజ్యాంగ వ్యవస్థల పరస్పర మర్యాదను బట్టి చూచినచో, ఆ తీర్పు మొదటి భాగమును నేను కాదనలేను. శాసనసభను ధిక్కార నేరము క్రింద బోనెక్కించుట మొదలైనచో, కోర్టు, శాసనసభ, రెండింటి గౌరవమును నశించును. చెడ్డ చట్టమును రాజ్యాంగపు గీటురాతి మీద పరీక్షించి కొట్టివేయుటయే సరియైన మార్గము. కాని తీర్పు చెప్పుటకు పదమూడు సంవత్సరములెందుకు పట్టవలెను? 2012లోనే ఈ మాట చెప్పియున్నచో, పిటిషనరులు 2012లోనే ఆ చట్టమును సవాలు చేసియుందురు. ధిక్కారపు కేసు పదమూడేండ్లు పెండింగులో నుండుటచే, తలుపు తెరచియున్నదని పిటిషనరులు అనుకొనిరి. తీరా చూచిన అది తలుపు కాదని తేలెను. ఈ కాలములో బస్తరున ఒక తరము పిల్లలు పుట్టి పెరిగి పెద్దవారైరి.

ఇందులో నేను గ్రహించునది ఇది. ధిక్కార విచారణ శిక్షను గూర్చినది కాబట్టి, అది నిందితుని మనస్సును వెదకును: ఉల్లంఘన బుద్ధిపూర్వకమా, కాదా? నేరము కాబట్టి సందేహమునకు తావు లేకుండ రుజువు కోరును. ఇది న్యాయమే. కాని ఉత్తర్వు అమలైనదా లేదా యన్నది మనస్సును గూర్చిన ప్రశ్న కాదు. తుపాకులెన్ని తిరిగి వచ్చినవి? కాలిన ఇండ్లెన్ని కట్టిరి? ఎంతమంది తిరిగి ఊళ్లు చేరిరి? వీనికి సమాధానము లెక్కలతో వచ్చును, మనోభావములతో కాదు. ఈ రెండు ప్రశ్నలను ఒకే పిటిషనులో కట్టివేయుటచే, మొదటిది తేలక రెండవది ఆగిపోవుచున్నది. మొదటిది 'కాదు' అని తేలిన మరుక్షణమున రెండవది కూడ మాసిపోవుచున్నది. వీనిని విడదీయవలెను. ఉత్తర్వు ఇచ్చిన కోర్టే, శిక్ష ప్రసక్తి లేకుండ, అమలు లెక్కను వాయిదాలపై అడుగుచుండవలెను. అడవుల రక్షణకై వేసిన గోదావర్మన్ కేసులో సుప్రీంకోర్టు 1996 నుండియు దశాబ్దముల తరబడి ఇట్టి పర్యవేక్షణ నడుపుచున్నది. చెట్ల కొరకు సాధ్యమైనది మనుష్యుల కొరకు సాధ్యము కాదా?

6

ఇక మన చేతిలో నున్నదానిని గూర్చి.

ఈ సభలోని వారికి లాగ్‌బుక్కును గూర్చి నేను చెప్పనక్కరలేదు. కర్మాగారమున షిఫ్టు మారునప్పుడు, ఏ ఆదేశము ఎన్నిగంటలకు వచ్చినది, ఎవరు స్వీకరించిరి, ఏమి చేసిరి, ఏది మిగిలినది, వ్రాసి సంతకము చేయక ఇంచార్జి కుర్చీ విడువరాదు. పై అధికారి సలహా కొరకు వేచియుంటిమని అందులో వ్రాసినచో, ఫర్నేసు వేచియుండదు. కోర్టు ఉత్తర్వులకు మన ప్రభుత్వ కార్యాలయములలో ఇట్టి పుస్తకమొకటి ఉండవలెను. ఉత్తర్వు వచ్చిన తేదీ, దానిని అమలుపరచవలసిన ఉద్యోగి పదవీనామము, గడువు, చేసిన పని, ఈ నాలుగు గడులు చాలును. అప్పుడు తహశీల్దారు బదిలీయైనను, తరువాతివాడు నాకు తెలియదనలేడు.

అది ప్రభుత్వమువారు చేయవలసినది. మనము చేయగలిగినవి వేరు. వకీళ్లారా, ఉత్తర్వు వ్రాయుచున్నప్పుడే గడువును, బాధ్యుడైన అధికారి పదవిని అందులో వ్రాయుడని న్యాయమూర్తిని కోరుడు. "తగిన చర్య తీసికొనవలెను" అని మాత్రమే వ్రాసిన ఉత్తర్వు ఆలస్యమునకు తానే త్రోవ చూపును. కక్షిదారులారా, సర్టిఫైడు కాపీ చేతికందిన వెంటనే దానిని స్పీడు పోస్టులో, రసీదుతో, అధికారికి పంపి, ఆ రసీదును పాసుబుక్కు వలె భద్రపరచుడు.

అన్నిటికంటె ముఖ్యమైనది ఇది. ధిక్కార చట్టము 20వ సెక్షను ప్రకారము, ఉల్లంఘన జరిగిన దినము నుండి ఏడాది లోపల కేసు మొదలుపెట్టవలెను. ఆఫీసులో "రేపు రమ్ము" అను మాట వినుచు తిరుగుటలోనే ఆ ఏడాది గడచిపోవుచున్నది. మీ ఆర్డరు కాపీ మీద గడువు ముగియు తేదీని, దాని ప్రక్క ఏడాది తరువాతి తేదీని, ఎఱ్ఱసిరాతో వ్రాసికొనుడు. ఏడాది దాటినను డిక్రీని అమలు జరిపించుకొను మార్గము మూసికొనదు. సివిలు డిక్రీని అమలుపరచుమని సామాన్యముగా పన్నెండేండ్ల వరకు అడుగవచ్చును. కాని ధిక్కార మార్గము మూతపడును.

పోలీసు స్టేషను విషయము కూడ మరువకుడు. 1996 డిసెంబరులో డి.కె. బసు కేసున సుప్రీంకోర్టు అరెస్టు విషయమై పదకొండు నియమములు విధించి, వానిని పాటింపని అధికారి శాఖాపరమైన చర్యకే కాక కోర్టు ధిక్కార శిక్షకు కూడ గురియగునని, ఆ కేసును ఆ రాష్ట్రపు హైకోర్టుననే వేయవచ్చునని చెప్పినది. అరెస్టు మెమో మీద బంధువు గాని, ఊరి పెద్ద గాని సాక్షి సంతకము చేయవలెనను నియమము వానిలో నొకటి. ఖుర్సీపారులోనో, క్యాంపు బస్తీలోనో అర్ధరాత్రి ఎవరి కుమారునినైన తీసికొనిపోయినచో, ఆ తల్లి మొదట అడుగవలసినది ఆ మెమో.

నిర్వాహకులతో నేను ఈ ఉదయము మాటలాడితిని. తమ సంఘ కార్యాలయమున ఒక ఉత్తర్వుల పుస్తకము తెరచుటకు వారు అంగీకరించిరి. ఎవరి యొద్దనైన అమలుకాని ఉత్తర్వున్నచో, దానిని తెలుగున చదివి చెప్పి, తేదీలు వ్రాసి, బిలాసపురము పోవలసినదా, ఇక్కడనే ఎగ్జిక్యూషను వేయవలసినదా తెలుపుటకు ఇద్దరు న్యాయవాద మిత్రులు ప్రతి ఆదివారము ఉదయము కూర్చుండుటకు మాట యిచ్చిరి. ఈ సభలోనే కొందరు సంచులలో కాగితములు తెచ్చుకొనియున్నారని నాకు తెలిసినది. సభ ముగిసిన పిమ్మట మేము ముగ్గురము ఈ వేదిక ప్రక్కనున్న బల్లయొద్దనే ఉందుము. ఏడాది గడువు దగ్గరపడినవారు ముందుగా రండు.